పడుకున్న బొమ్మకు దండం

ఆటలో మనం నడిపే బొమ్మ చేత చేయించగలిగిన సైగలను ఎమోట్లు అనేవాళ్ళు. నవ్వడం, ఏడవడం, చప్పట్లు కొట్టడం, గంతులు వేయడం, వంగి నమస్కరించడం, కూర్చోవడం, పడుకోవడం. రాక్షసుల్ని చంపడానికి గానీ, ఒక మెట్టు పైకెక్కడానికి గానీ అవి ఏ రకంగానూ పనికిరావు. ఆ ఆట ఆడేవాళ్ళలో చాలామంది వాటి జోలికే పోయేవాళ్ళు కాదు. నేనూ మామా మాత్రం ఆటను పక్కన పెట్టి వాటితోనే కుస్తీ పట్టేవాళ్ళం. మామకు ఫిట్స్ రావడమే దానికి కారణం.

మామ మా అమ్మకు కడగొట్టు తమ్ముడు. నాకంటే కొన్నేళ్ళే పెద్ద. విల్లియనూరు రోడ్డు మీద బైకు మీంచి పడి తలకు దెబ్బ తగిలించుకున్నాడు. కుట్లు మానాయి, మేమందరం ఆ సంగతి మరిచిపోయాం. కొన్ని నెలల తర్వాత ఒక మధ్యాహ్నం అన్నం తింటుండగా అతని ఎడమ చేతి వేళ్ళు ముడుచుకుపోయాయి, మూతి ఒక పక్కకు లాగింది, కంచం మీదికి ఒరిగిపోయాడు. నేను ఎదురుగానే కూర్చుని ఉన్నాను. ఏదో జోకు గుర్తొచ్చి నవ్వుతున్నాడనుకున్నాను.

అప్పటినుంచి ఒక్కొక్కటే పోయింది. బైకు తాళం వాళ్ళమ్మ, అంటే మా అవ్వ, తీసి దాచేసింది. యంత్రాల పక్కన నిలబడే ఉద్యోగం కాబట్టి ఫ్యాక్టరీవాళ్ళు కొన్నాళ్ళు ఇంట్లోనే ఉండమన్నారు. బావి దగ్గరికి ఒంటరిగా పోకూడదు, మేడ మెట్లు ఎక్కకూడదు, తలుపు గడియ పెట్టుకుని స్నానం చేయకూడదు. మూలకుళంలో అవ్వా మామా ఇద్దరే ఉండేవాళ్ళు. అవ్వ విల్లియనూరు అవతల ఉన్న చేనుకు పోయినప్పుడల్లా మామ ఒంటరి. ఆ వేళల్లో మా అమ్మ ఒకసారి, చిన్నమ్మ ఒకసారి, మళ్ళీ మా అమ్మ ఒకసారి ఫోన్ చేసి ఎట్లుండావని అడిగేవాళ్ళు. బతికే ఉన్నానని చెప్పడానికి ఫోన్ ఎత్తడం కంటే సిగ్గుచేటు ఇంకోటి లేదని మామ ఒకరోజు నాతో అన్నాడు. నవ్వుతూనే అన్నాడు.

నేనప్పుడు ఇంజనీరింగ్ కాలేజీలో కంప్యూటర్ సైన్సు చదువుతున్నాను. మామకు కంప్యూటర్ బిగించి ఇచ్చింది నేనే. ఆ ఏడాదే వాళ్ళ వీధికి బ్రాడ్‌బ్యాండ్ వచ్చింది. నేను ఒర్లియంపేటలో మా ఇంటి దగ్గరి బ్రౌజింగ్ సెంటర్‌లో మూల సీటులో కూర్చుని, మామ మూలకుళంలో తన గదిలో కూర్చుని, ఇద్దరం ఒకే ఆటలో ఒకే ఊరి చావడి ముందర కలిసేవాళ్ళం. ఫోనుకు బదులుగా ఎమోట్లు వాడదామన్న ఆలోచన నాది. రెండు యంత్రాల మధ్య సంబంధం తెగిందో లేదో తెలుసుకోవాలంటే ఒకటి పలకరించాలి, రెండోది బదులివ్వాలి. మా కాలేజీలో మొదటి సంవత్సరమే చెప్పే పాఠం అది.

ఆట లోపల ఒక చోట ఏ ఎమోటు ఏ మీటకు తగిలించాలో, అది చేసినప్పుడు కింద ఏ మాట కనిపించాలో మనమే రాసుకోవచ్చు. కీబోర్డు పై వరసలోని మీటలన్నిటికీ నేను ఎమోట్లు తగిలించాను. మొదటి మీట నొక్కితే దండం, దాని కింద "దండం మామా". రెండోది మామ బదులు, "నూరేండ్లు బతుకు". మూడోది కూర్చోవడం, అంటే నీళ్ళకు లేచాను, వస్తాను. నాలుగోది పడుకోవడం, అంటే మాత్ర వేసుకున్నాను, మత్తుగా ఉంది, కాసేపు ఒరుగుతాను. మిగతావి నవ్వు, ఏడుపు, గంతులు, చప్పట్లు, మామ సరదా కోసం. ఆ మాటలన్నీ ఇంగ్లీషు అక్షరాలతో రాసినవే. తరాల కిందట ఈ అరవ ఊళ్ళకు వచ్చిన కుటుంబం మాది, ఇంట్లో తెలుగు మాట్లాడతారు గానీ అప్పటికి ఎవరికీ తెలుగు రాయడం రాదు. నేను దండం పెడితే మామ బదులివ్వాలి. బదులు రాకపోతే, బొమ్మ కూర్చునీ పడుకునీ లేకపోతే, అప్పుడు మాత్రమే నేను ఫోన్ చేయాలి. మామ ఈ ఒప్పందానికి సంతోషంగా ఒప్పుకున్నాడు.

దండం ఒక్కటే నాకు నచ్చలేదు. ఆ ఆట తయారుచేసినవాళ్ళ దేశంలో నడుం దగ్గర వంగితే చాలు. మా ఇళ్ళలో అది దండం కాదు. ఆటలోనే ఒక గుడి ముందర కొన్ని బొమ్మలు ఎప్పుడూ నేల మీద బోర్లా పడి మొక్కుతూ ఉండేవి. ఆ కదలిక ఉన్న ఫైలును తీసి, దానికి వంగడం ఫైలు పేరు పెట్టి, అసలుదాని స్థానంలో ఉంచాను. సెంటర్‌లో నేను కూర్చునే యంత్రంలోనూ, మామ యంత్రంలోనూ అలాగే మార్చాను. ఇక మా ఇద్దరి తెరల మీద ఎవరు వంగినా సాష్టాంగపడినట్టే కనిపిస్తుంది. లోకంలో మిగతావాళ్ళందరికీ వంగినట్టే కనిపిస్తుంది. ఇది చూసి మామ పొట్ట పట్టుకుని నవ్వాడు. దారిన పోయే పరదేశీయులు మర్యాదకు వంగితే, మా తెరల మీద వాళ్ళు పొర్లుదండాలు పెట్టేవాళ్ళలా నేల మీద పడేవాళ్ళు.

కొన్ని వారాలు బాగానే గడిచాయి. నాకు మాత్రం ఆ వారాల్లో ఒక రోగం పట్టుకుంది. దండం పెట్టిన తర్వాత బదులు వచ్చేదాకా ఊపిరి బిగబట్టేవాణ్ణి. బదులు వస్తే ఒక పాట పాడేంతసేపు బాగుండేది. పాట అయిపోగానే మళ్ళీ దండం పెట్టేవాణ్ణి. మామ విసుక్కునేవాడు. "బొమ్మకి నడుం విరుగుతుంది రా, సుమ్మా ఉండు" అని, ఊరికే ఉండమని అరవం కలిపి టైపు చేసేవాడు.

ఆ రోజు అవ్వ వేరుసెనగ పీకించడానికి చేనుకు పోయింది. మధ్యాహ్నం. మా బొమ్మలు చావడి ముందర ఉన్నాయి. ఆటలో పెద్ద జనం, అంగళ్ళు పెట్టుకున్నవాళ్ళు, ఊరికే తిరిగేవాళ్ళు. నేను దండం పెట్టాను, నూరేండ్లు బతుకు అని వచ్చింది. కాసేపటికి మామ బొమ్మ నవ్వడం మొదలుపెట్టింది.

నవ్వుతూ నవ్వుతూ ఉండగానే గంతు వేసింది. గంతు సగంలో ఆగి ఏడ్చింది. ఏడుపు సగంలో మళ్ళీ నవ్వు. కూర్చుంది, లేచింది, చప్పట్లు కొట్టబోయి నవ్వింది. కింద మాటలు వరద కట్టాయి. నూరేండ్లు బతుకు, నూరేండ్లు బతుకు, నీళ్ళకు లేచాను, నూరేండ్లు బతుకు. తెర నిండిపోయి పై వరసలు పైకి కొట్టుకుపోతున్నాయి. చుట్టూ ఉన్న బొమ్మలు మూగాయి. వాళ్ళకు అది పండగలా ఉంది. ఒకడు గంతులు వేశాడు, అతన్ని చూసి ఇంకొకడు. నా పక్క సీటులో కూర్చున్న కుర్రాడు తల వంచి చూసి, మీ మామ మందు కొట్టాడా అని అడిగాడు. నేను కూడా నవ్వాను.

తర్వాత ఒక సంగతి కంటికి ఆనింది. మామ ఏ ఎమోటునూ మధ్యలో తెంచేవాడు కాదు. నవ్వితే బొమ్మ పూర్తిగా నవ్వి, నడుం మీద చేతులు వేసుకునేదాకా ఆగేవాడు. ఆ చివరి భంగిమ అంటే అతనికి ఇష్టం. ఇక్కడ ఏదీ పూర్తి కావడం లేదు. పై వరసలోని మీటలన్నీ ఒకేసారి ఎవరో అదుముతున్నట్టు ఉంది. ఒక చెయ్యి మొత్తంగా, మోచేతి దాకా, ఆ వరస మీద పడి కొట్టుకుంటున్నట్టు ఉంది.

మరుక్షణం అన్నీ ఆగిపోయాయి. బొమ్మ నేల మీద పడుకుంది. మాటల వరద కూడా ఆగింది.

నా వేలు దానంతట అదే మొదటి మీట మీద పడింది. భయం వేసినప్పుడల్లా నేను చేసే పని అదే కదా. నా బొమ్మ మామ బొమ్మ కాళ్ళ దగ్గర బోర్లా పడింది. నన్ను చూసి చుట్టూ ఉన్నవాళ్ళు, ఇదేదో ఆటలో భాగమనుకుని, ఒక్కొక్కరే వంగారు. వాళ్ళ తెరల మీద వంగారు. నా తెర మీద, నేను ఫైలు మార్చిన తెర మీద, ఎక్కడెక్కడి దేశాలవాళ్ళో గుండ్రంగా నిలబడి, మధ్యలో వెల్లకిలా ఉన్న మామకు సాష్టాంగపడుతున్నారు. ఒకరు లేస్తే ఒకరు పడుతున్నారు.

సెంటర్ నడిపే అక్క నా వెనక నిలబడి ఉంది. వాళ్ళదీ మాలాగే తరాల కిందట ఇక్కడికొచ్చిన తెలుగు కుటుంబం.

"ఏంది తంబీ అది" అంది. "పడుకున్నోళ్ళకి దండం పెడతారా ఎవరన్నా? అది ఎప్పుడు పెట్టేదో తెలీదా నీకు?"

తెలుసు. మా ఇంట్లో పసిపిల్లలకు కూడా తెలుసు. పెద్దవాళ్ళు పడుకుని ఉంటే లేపి కూర్చోబెట్టి గానీ కాళ్ళకు మొక్కరు. పడుకున్న మనిషికి దండం పెట్టేది ఒక్కసారే, ఇంటి ముందర పాడె కట్టి ఉన్నప్పుడు. నేను ఇలాంటివి నమ్మేవాణ్ణి కాను. ఆ మాట విన్నాక కుర్చీలోంచి లేచేశాను.

అక్క బల్ల మీది ఫోన్ తీసుకుని మామ ఇంటికి చేశాను. మోగి మోగి ఆగిపోయింది. ఇంకోసారి చేశాను. అక్క నా సైకిల్‌కు అడ్డంగా ఉన్న బండ్లను పక్కకు జరిపింది.

నెల్లితోపు దాటేదాకా నేను ఏమి ఆలోచించానో గుర్తు లేదు. రెడ్డియార్‌పాళయం దగ్గర బస్సు వెనక ఇరుక్కున్నప్పుడు బుర్ర మళ్ళీ పనిచేయడం మొదలుపెట్టింది, అదే ఎక్కువ బాధ అయింది. మామ నిద్రపోయి ఉండవచ్చు. నిద్రపోయేవాడు ముందు అన్ని మీటలూ ఎందుకు కొడతాడు? లైను పోయి ఉండవచ్చు. లైను పోతే బొమ్మ ఆటలోంచి మాయమవుతుంది, కానీ బొమ్మ అక్కడే ఉంది. కరెంటు పోలేదు, లైను పోలేదు, కంప్యూటర్ బతికే ఉంది. ఒక్కొక్క కారణాన్నే కొట్టేసుకుంటూ పోతే చివరికి మిగిలేది ఒక్కటే. లెక్క సరిగ్గా చేయడం వల్ల అంత నష్టం ఉంటుందని నాకు అంతకుముందు తెలియదు. డాక్టరు చెప్పినవి పైకి అనుకుంటూ తొక్కాను. పక్కకు తిప్పాలి. చొక్కా వదులు చేయాలి. నోట్లో ఏమీ పెట్టకూడదు. గట్టిగా పట్టుకోకూడదు.

మూలకుళంలో వాళ్ళ ఇంటి తలుపు లోపల గడియ పెట్టి ఉంది. గడియ పెట్టుకోవద్దని అవ్వ వంద మార్లు చెప్పింది. తనకు ఫిట్స్ వస్తే వీధిలోవాళ్ళు గుమ్మంలో నిలబడి చూస్తారని మామకు భయం, అందుకని ఆమె అటు పోగానే పెట్టుకునేవాడు. మామా, మామా అని పిలిచాను. కిటికీ ఊచలు పట్టుకుని లోపలికి చూశాను. ముందుగా కనిపించింది తెర. అందులో మామ బొమ్మ ఇంకా పడుకునే ఉంది, ఎవరెవరో ఇంకా సాష్టాంగపడుతూనే ఉన్నారు. కుర్చీ ఖాళీ. కీబోర్డు బల్ల అంచు మీంచి తీగకు వేలాడుతోంది. బల్ల కింద నుంచి ఒక పాదం బయటికి ఉంది. అది కదలడం లేదు.

నా అరుపుకు ఎదురింటి పెద్దాయన లుంగీ బిగించుకుంటూ వచ్చాడు. ముందు తలుపు మా ఇద్దరి వల్లా కాలేదు. పెరటి వైపు వంటింటి తలుపుకు గడియ కొక్కెం వదులుగా ఉంటుందని ఆయనకు తెలుసు. ఇద్దరం భుజాలు పెట్టి నెట్టాం, కొక్కెం ఊడి లోపలెక్కడో పడింది.

మామ బోర్లా పడి ఉన్నాడు. ముఖం నేలకు అదిమి ఉంది. పెదవులు నీలంగా, నోటి చివర రక్తం. నేను పక్కకు తిప్పాను. తిప్పగానే గొంతులోంచి గరగరమని పెద్ద శబ్దంతో గాలి లోపలికి పోయింది. ఆ శబ్దం విని ఎదురింటాయన భయపడి వెనక్కి జరిగాడు. నాకు అది కావాలి. అది ఇంకోసారి వస్తుందా రాదా అని, నా చెయ్యి అతని వీపు మీద ఉంచి, ఎదురుచూశాను. వచ్చింది. మళ్ళీ వచ్చింది. పెద్దాయన పరుగున పోయి ఇంట్లోంచి ఇనుప తాళంచెవుల గుత్తి తెచ్చి మామ గుప్పిట్లో కుక్కాడు. దాని వల్ల ఏమీ కాదని డాక్టరు చెప్పాడు. నేను వద్దనలేదు.

పెదవుల రంగు నెమ్మదిగా మారింది. కళ్ళు తెరిచాడు. నన్ను చూశాడు. చాలాసేపు చూశాడు.

"యారు తంబి నీ?" అన్నాడు.

ఎవరు నువ్వు అని. అరవంలో అడిగాడు. నేను పుట్టినప్పటినుంచీ మామ నాతో తెలుగే మాట్లాడాడు. అరవం బయటివాళ్ళతో, అంగట్లో, బస్సులో, ఫ్యాక్టరీలో. నేను ఇంటివాణ్ణని కూడా అతనికి తెలియడం లేదు. కిటికీలోంచి ఆ పాదం చూసినప్పుడు కూడా నేను అంత భయపడలేదు. నేను తెలుగులో నా పేరు చెప్పాను, నీ అక్క కొడుకునని చెప్పాను. మర్యాదగా తల ఊపాడు, బస్సులో పక్క సీటువాడు చెప్పినదానికి ఊపినట్టు. అలా ఎంతసేపు గడిచిందో చెప్పలేను. ఎదురింటాయన నీళ్ళు తెచ్చాడు, ఇప్పుడే ఇవ్వొద్దన్నాను. ఆయన మమ్మల్ని వదిలి వాకిట్లో కూర్చున్నాడు.

"అమ్మ యాడికి పొయ్యింది?" అని ఉన్నట్టుండి మామ అడిగాడు. తెలుగులో.

అంతా గుర్తొచ్చాక మొదట చూసింది వంటింటి తలుపు వైపు. తర్వాత గుప్పిట్లోని తాళంచెవులు. వాటిని నేల మీద పెట్టాడు.

"అవ్వకి చెప్పొద్దురా" అన్నాడు.

నేను ఆ గుత్తి తీసి బల్ల మీద పెట్టాను.

"చెప్తే ఈ కంప్యూటర్ పెట్టె తీసేస్తారు. నన్ను తీసుకుపోయి మీ చిన్నమ్మ ఇంట్లో కూర్చోబెడతారు. ఆడ దినామూ నా మొహం చూసుకుంటా కూర్చుంటారు. ఫిట్స్‌తో చచ్చేది ఒక పూట రా. అది అట్ల కాదు, దినామూ చచ్చేది."

"మామా, నువ్వు బోర్లా పడిండావు. మూతి నేలకి ఆనుకోనుండింది."

"లేచినాను కదా."

"నేను తిప్పినాను."

అతను ముఖం గోడ వైపు తిప్పుకున్నాడు. పొద్దు వాలేదాకా మేం అలాగే ఉన్నాం. అవ్వ వచ్చింది, కాళ్ళకు చేని మట్టి, చీర కొంగులో పచ్చి వేరుసెనగకాయలు. ఊడిన కొక్కెం ఆమె కాలికి తగిలింది. నేను అంతా చెప్పాను. మామ నా వైపు చూడలేదు. బొమ్మ నవ్వడం, ఏడవడం, పడుకోవడం, నేను దండం పెట్టడం, ఏదీ దాచలేదు. చెప్పి తీరాలనిపించింది, లేకపోతే రాత్రికి నాకు నిద్ర పట్టదు. అవ్వ కూలబడి, కొంగులోని కాయలు ఒడిలోంచి జారిపోతున్నా పట్టించుకోకుండా, ఒకే ఒక్క ప్రశ్న అడిగింది.

"దండం మామకి పెట్టినావా, బొమ్మకి పెట్టినావా?"

"బొమ్మకి."

"బొమ్మకైతే ఏం గాదులే" అంది. తర్వాత ఏడ్చింది.

మర్నాడే వడ్రంగి వచ్చి ఇంట్లో ఉన్న లోపలి గడియలన్నీ ఊడదీశాడు, స్నానాలగదిది కూడా. కంప్యూటర్ తీసేయాలని మా అమ్మా చిన్నమ్మా పట్టుబట్టారు. ఆ పెట్టె లేకపోతే మధ్యాహ్నం మామ పడిపోయిన సంగతి అవ్వ చేను నుంచి వచ్చేదాకా ఎవరికీ తెలిసేది కాదని నేను వాదించాను. అప్పటికి ఏమై ఉండేదో వాళ్ళనే చెప్పమన్నాను. గదిలో ఇంకో మనిషి ఉంటేనే పెట్టె ముట్టుకోవాలని చివరికి అవ్వ తీర్పు చెప్పింది. ఆ మనిషి నేనే కావాలి, ఇంకెవరికీ ఆ ఆట గొడవ తెలియదు. కాలేజీ అయ్యాక నేరుగా మూలకుళం పోవడం మొదలుపెట్టాను. కొన్నాళ్ళకు సెకండ్ హ్యాండ్ కంప్యూటర్ ఒకటి బిగించుకుని మామ గదిలోనే, అతని బల్లకు వీపు పెట్టి, ఇంకో బల్ల వేసుకున్నాను.

మామ నాతో మాట్లాడలేదు. చెప్పినందుకు. ఒకే గదిలో కూర్చుని ఒకే ఆట ఆడేవాళ్ళం, ఆటలో అవసరమైన మాటలు మాత్రం టైపు చేసేవాడు. పై వరస మీటలకు ఎమోట్లు తీసేసి ఆటలోని మందులూ కత్తులూ తగిలించుకున్నాడు. నేను అతనికి వీపు చేసి కూర్చునేవాణ్ణి, కాబట్టి నాకు తెలిసేదల్లా కీబోర్డు చప్పుడు ఒక్కటే. అది ఆగితే తల తిప్పి చూసేవాణ్ణి. ముక్కు గోక్కుంటూ ఉండేవాడు. లేకపోతే తెర మీద ఏదో చదువుతూ ఉండేవాడు. మళ్ళీ ఆగేది, మళ్ళీ తిరిగేవాణ్ణి. డాక్టరు మాత్రల మోతాదు మార్చాడు, ఫిట్స్ తగ్గుతాయన్నాడు. అయినా తిరిగేవాణ్ణి.

ఒకరోజు ఇద్దరం ఒక గుహలో చాలా గట్టి శత్రువు మీద పడ్డాం. సగంలో వెనక చప్పుడు ఆగింది. మీటలు వదిలేసి పూర్తిగా వెనక్కి తిరిగాను. మామ రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని, కుర్చీ నా వైపు తిప్పుకుని, నన్నే చూస్తున్నాడు.

"ఉండానులే రా" అన్నాడు. "నీ బొమ్మ సచ్చింది, చూసుకో."